ఎడిటర్ కావాలనుకునేవారికి: కథాచిత్రమా, డాక్యుమెంటరీయా, ప్రకటనలా?

ఎడిటింగ్ నేర్చుకుంటామని నా దగ్గరికి వచ్చేవారు మొదట అడిగే ప్రశ్న దాదాపు ఎప్పుడూ ఒకటే: ఏ సాఫ్ట్‌వేర్ నేర్చుకోమంటారు? ఆ తర్వాత, కోర్సులో చేరాలా, ఎవరి దగ్గరైనా అసిస్టెంటుగా చేరాలా అని అడుగుతారు. ఎలాంటి పని చేయాలని ఉందో మాత్రం నేను అడిగితే తప్ప చెప్పరు. అడిగినా ‘సినిమాలే’ అని ఒక్క మాటతో సరిపెడతారు. చాలా ఏళ్లుగా ఈ పనిలో ఉన్నాను కాబట్టి చెబుతున్నాను, ఈ వరుసను తిరగేయాలి. ఏ రకం పని అన్నది ముందు తేలాలి. ఎక్కడ నేర్చుకోవాలన్నది దాన్నిబట్టి తేలుతుంది. సాఫ్ట్‌వేర్ సంగతి ఆఖరున చూసుకోవచ్చు.

ఏ రకం పని అన్నది తేల్చుకోవడానికి రెండే విషయాలు చూడమంటాను. రోజంతా మీ ఎదుట తెరమీద ఏముంటుంది? మీ పక్క కుర్చీలో ఎవరుంటారు? ఎదుట ఉండేది రషెస్, అంటే షూటింగ్ నుంచి వచ్చిన ముడి దృశ్యాలు. పక్కన ఉండేది దర్శకుడు కావచ్చు, నిర్మాత కావచ్చు, ప్రకటన ఇచ్చిన కంపెనీ మనిషి కావచ్చు, ఎవరూ లేకపోనూవచ్చు. సినిమా విడుదలైనప్పుడు వచ్చే పేరు నాలుగు రోజులు ఉంటుంది. ఆ తెరతో, ఆ పక్క కుర్చీతో గడిపేది నెలల తరబడి. ఆ రెండూ మీ స్వభావానికి పడకపోతే ఎంత మంచి సినిమా అయినా శిక్షలా తోస్తుంది. పడితే, చిన్న పనిలో కూడా పూట ఎలా గడిచిందో తెలియదు.

కథాచిత్రం: ఒకే మాటను ముప్పై సార్లు వినగలరా?

కథాచిత్రంలో మీ దగ్గరికి వచ్చేది ఎవరో ముందే రాసిపెట్టిన సన్నివేశం. సీను నంబరు ఉంటుంది, క్లాప్ మీద టేకు నంబరు ఉంటుంది, ఏ టేకు ఎలా వచ్చిందో షూటింగులో రాసుకున్న కాగితాలు ఉంటాయి. ఒకే డైలాగు ఐదు కోణాల్లో, ఒక్కో కోణంలో ఆరేసి టేకుల్లో వస్తుంది. అంటే ‘ఇక వెళ్లు’ అన్న రెండు మాటలను ముప్పై సార్లు వినాలి. ముప్పైయవ సారి కూడా మొదటిసారి విన్నట్టే వినగలగాలి. ఈ పనికి కావలసిన అసలు గుణం అదే. నాలుగో టేకులో నటి గొంతు బాగా పలికింది, ఆరో టేకులో కళ్లు బాగా పలికాయి. అప్పుడు ఆరో టేకు ముఖానికి నాలుగో టేకు గొంతు పెట్టి, పెదవుల కదలిక కలవని చోట ఎదుటి నటుడి ముఖం మీదికి కట్ చేస్తారు. చూసేవారికి అది ఆమె ఒక్క ఊపిరిలో చేసిన నటన.

సినిమా సెకనుకు 24 ఫ్రేములు, అంటే 24 విడి బొమ్మలు, నడుస్తుంది. ఎడిటర్ బతికేది ఆ కొలతలో. నేను పనిచేసిన ఒక సినిమాలో, ఏళ్ల తర్వాత ఇంటికి వచ్చిన కొడుక్కి తండ్రి తలుపు తీసే సీను ఉంది. తండ్రి ముఖం మీది షాటును ఆరు ఫ్రేములు ముందే తెంచితే ఆయన కోపంగా ఉన్నట్టుంది. ఆ ఆరు ఫ్రేములూ ఉంచితే చివర్లో కనురెప్ప కొద్దిగా దిగుతుంది, ఆయన అప్పటికే క్షమించేశాడని తెలిసిపోతుంది. తేడా పావు సెకను. దర్శకుడూ నేనూ ఆ పావు సెకను గురించి ఒక పూటంతా మాట్లాడుకున్నాం. ఇది చదివి ‘అంత అవసరమా’ అనిపిస్తే కథాచిత్రం మీకు సరిపడదు. ‘చివరికి ఏది ఉంచారు’ అని అడగాలనిపిస్తే ఈ దారి గురించి గట్టిగా ఆలోచించండి. ఉంచాం. తండ్రి క్షమించేశాడని ప్రేక్షకుడికి తెలిసి, కొడుక్కి తెలియకపోవడంతో తర్వాతి పది నిమిషాల సినిమా నిలబడింది.

స్క్రిప్టు ఉంది కదా, వరుసగా పేర్చడమే కదా అనే అపోహ ఒకటి ఉంది. 1962లో వచ్చిన ‘లారెన్స్ ఆఫ్ అరేబియా’లో కథానాయకుడు మండుతున్న అగ్గిపుల్లను ఊది ఆర్పగానే ఎడారి మీద సూర్యోదయం కనిపిస్తుంది. స్క్రిప్టులో అక్కడ రాసి ఉన్నది డిసాల్వ్, అంటే ఒక దృశ్యం మెల్లగా కరిగి రెండో దానిలో కలిసిపోవడం. ఆ రోజుల్లో డిసాల్వ్‌ను ల్యాబులో విడిగా చేయించాలి. ఎడిటింగ్ ప్రతిలో అది ఇంకా చేయించలేదు కాబట్టి రెండు షాట్లూ నేరుగా ఒకదాని వెంట ఒకటి పడ్డాయి. ఎడిటర్ ఆన్ కోట్స్, దర్శకుడు డేవిడ్ లీన్ అది చూశారు, ఆ కట్‌నే ఉంచేశారు. రాసేటప్పుడు తట్టనిది కూర్చేటప్పుడు తట్టింది. తెలుగులో ఈ పనికి ఉన్న ‘కూర్పు’ అనే పేరు నాకు అందుకే ఇష్టం. ఎడిటింగ్ అనగానే కత్తిరించడం గుర్తొస్తుంది. నిజానికి రోజులో ఎక్కువ భాగం చేసేది ఒకదాని పక్కన ఒకటి పెట్టి చూడటమే.

ఇక పక్క కుర్చీ. కథాచిత్రంలో అక్కడ నెలల తరబడి ఉండేది దర్శకుడు లేదా దర్శకురాలు. ఆ బంధం కుదిరితే జీవితకాలం సాగుతుంది. 1980 నాటి ‘రేజింగ్ బుల్’ నుంచి మార్టిన్ స్కోర్సీసీ తీసిన కథాచిత్రాలన్నిటినీ థెల్మా స్కూన్‌మేకరే కూర్చారు. కుదరకపోతే ఆ గది చాలా ఇరుకవుతుంది. మూడు రోజులు వానలో తడిసి తీసిన షాటు సినిమాకు అక్కర్లేదని ఆ తీసిన మనిషికే చెప్పాలి. చెప్పే తీరు తెలియాలి, చెప్పాక ఊరుకోవడం కూడా తెలియాలి, ఎందుకంటే ఆఖరి నిర్ణయం మీది కాదు. నేను షూటింగులకు వెళ్లకపోవడానికి కారణం ఇదే. ఆ షాటు కోసం ఎంత కష్టపడ్డారో తెలిస్తే తీసేయడానికి చేయి రాదు. తెర మీద ఉన్నది మాత్రమే తెలిసిన మనిషి ఆ గదిలో ఒక్కరైనా ఉండాలి.

సినిమాకూ సినిమాకూ మధ్య ఖాళీ ఉంటుంది. అది రెండు వారాలో ఎనిమిది నెలలో ఎవరూ చెప్పలేరు. ఇంటి బాధ్యతలు ఎక్కువగా ఉన్నవారు దీన్ని ముందే లెక్కలోకి తీసుకోవాలి.

డాక్యుమెంటరీ: రాయని కథను వెతకగలరా?

డాక్యుమెంటరీలో స్క్రిప్టు ఉండదు. ఉన్నా, అది షూటింగుకు ముందు రాసుకున్న ఆశల పట్టీ. మీ ఎదుటికి వచ్చేది గంటలకొద్దీ ఇంటర్వ్యూలు, నడిచి వెళ్తున్న మనుషుల వీపులు, ఎవరో ఫోను మాట్లాడుతుంటే ఆపకుండా వదిలేసిన కెమెరా, ఎందుకు తీశారో తీసినవారికే గుర్తులేని ఒక కిటికీ. గంట సినిమాకు వంద గంటల దృశ్యం రావడం ఈ రంగంలో వింత కాదు. దాన్నంతా చూడాలి, అదీ మామూలు వేగంతో, పక్కన నోటు పుస్తకం పెట్టుకుని. వంద గంటలంటే రోజుకు ఎనిమిది గంటల చొప్పున దాదాపు రెండు వారాలు. ఆ రెండు వారాల్లో ఒక్క కట్ కూడా పడదు. చేతులు ఊరుకోని మనిషికి ఇది నరకం.

కానీ ఆ చూడటమే డాక్యుమెంటరీ ఎడిటర్ పనిలో అతి విలువైన భాగం అంటాను. మొదటిసారి చూస్తున్నప్పుడు నవ్వొచ్చిన చోటు, గొంతు పట్టేసిన చోటు, విసుగొచ్చిన చోటు ఉన్నవి ఉన్నట్టు రాసిపెట్టుకోవాలి. రెండోసారి చూసేటప్పటికి ఆ కళ్లు మీకు ఉండవు. ఐదు నెలల తర్వాత అంతా ఒకేలా అనిపిస్తున్నప్పుడు ఆ నోటు పుస్తకమే దారి చూపిస్తుంది.

వాద్యాలు తయారుచేసే ఒక వృద్ధుడి మీద తీసిన చిత్రం నా దగ్గరికి వచ్చింది. ఆయన జీవితాన్ని బాల్యం నుంచి వరుసగా పేర్చాం. ప్రతి సీనూ బాగుంది, సినిమా మాత్రం లేవలేదు. మూడు నెలలు అలాగే పోయాయి. నా పుస్తకం తిరగేస్తే మొదటి వారంలో రాసుకున్న ఒక్క వాక్యం కనిపించింది: ‘తీగ బిగించేటప్పుడు ఊపిరి ఆపాడు.’ షూటింగు ఆఖరి రోజున, ఎవరూ ప్రశ్నలు అడగకుండా, ఆయన ఒక్కడే తీగ బిగిస్తుండగా తీసిన నాలుగు నిమిషాలు అవి. తెచ్చి మొదట్లో పెట్టాం. అంతే, తర్వాత ఆయన చెప్పిన ప్రతి మాటకూ బరువు వచ్చింది, ఎందుకంటే ఆ చేతులు ఏం చేయగలవో ప్రేక్షకుడు అప్పటికే చూసి ఉన్నాడు. కథాచిత్రంలో ఇలాంటి నిర్ణయం చాలావరకు రచయిత చేసి పంపిస్తాడు. ఇక్కడ రచన కూర్పు గదిలోనే జరుగుతుంది. రాయడం ఇష్టమున్నవారు, కాని తెల్లకాగితం చూస్తే జంకేవారు డాక్యుమెంటరీలో బాగా రాణించడం నేను చూశాను.

ఇంకొక తేడా ఉంది. దాని గురించి తక్కువ మాట్లాడుకుంటాం. 1920ల ప్రాంతంలో రష్యాలో దర్శకుడు లెవ్ కులెషోవ్ చేసిన ప్రయోగం ఎడిటింగ్ చదివిన వారందరికీ తెలిసిందే. ఏ భావమూ లేని ఒక నటుడి ముఖం పక్కన సూపు గిన్నె పెడితే ఆకలిగా, శవపేటిక పెడితే దుఃఖంగా కనిపించింది. ముఖం అదే, మారింది పక్కనున్న షాటు. కథాచిత్రంలో ఇది వరం. నటుడు వేషం తీసేసి ఇంటికి వెళ్లిపోతాడు. డాక్యుమెంటరీలో ఆ ముఖం నిజమైన మనిషిది, సినిమా వచ్చాక కూడా ఆ మనిషి అదే వీధిలో తిరగాలి. ఒకసారి, ఇల్లు పోగొట్టుకున్న స్త్రీ ఏడుస్తున్న షాటు వెంట ఒక అధికారి నవ్వుతున్న షాటు పెట్టాను. అద్భుతంగా పనిచేసింది. గదిలో అందరికీ కోపం వచ్చింది. కాని ఆ అధికారి నవ్వింది వేరే రోజు, వేరే విషయానికి. రాత్రి నిద్ర పట్టలేదు, పొద్దున్నే తీసేశాను. సినిమా ఆ చోట కొంచెం బలహీనపడింది, నిజమే. ఇలా బలహీనపరచుకోవడానికి సిద్ధంగా లేనివారు దయచేసి డాక్యుమెంటరీ వైపు రావద్దు. మాటలను మధ్యలో తెంచి అతికించడం, ఒక ప్రశ్నకు చెప్పిన జవాబును ఇంకో ప్రశ్న కింద పెట్టడం ఇవాళ ఎంత సులువంటే, అడ్డుపడేది ఎడిటర్ మనస్సాక్షి ఒక్కటే.

డాక్యుమెంటరీలో పక్క కుర్చీ వారాల తరబడి ఖాళీగా ఉంటుంది. దర్శకులు కొత్త షూటింగుకో, డబ్బు పోగుచేసుకోవడానికో వెళ్తారు. వచ్చినప్పుడు వారికి ఆ మనుషుల గురించి అన్నీ తెలుసు, ఏళ్లుగా తెలుసు. అందుకే ప్రేక్షకుడికి ఏం తెలియదో వారికి కనిపించదు. ‘ఈ అమ్మాయి ఎవరో నాకు అర్థం కాలేదు’ అని మొహమాటం లేకుండా అనగలిగితే మీరు సగం పని చేసినట్టే. సంపాదన మాత్రం కథాచిత్రంతో పోల్చినా ప్రకటనలతో పోల్చినా తక్కువే. మధ్యలో డబ్బు అయిపోయి పని ఆగిపోవడం, ఆరు నెలలకు మళ్లీ మొదలవడం కూడా మామూలే.

ఈ రెండిటి మధ్య నా మొగ్గు ఎటో దాచను. వీలుంటే డాక్యుమెంటరీతో మొదలుపెట్టమంటాను, చివరికి చేరాలనుకునేది కథాచిత్రమే అయినా సరే. ఇందాక చెప్పిన స్కూన్‌మేకర్ ‘రేజింగ్ బుల్’కు పదేళ్ల ముందు, 1970లో, వుడ్‌స్టాక్ సంగీతోత్సవం మీద వచ్చిన డాక్యుమెంటరీని కూర్చినవారిలో ఒకరు. దాదాపు 120 గంటల ఫిల్ము నుంచి మూడు గంటల చిత్రం తీశారు. ఆ పనికి ఆమెకు ఆస్కార్ నామినేషన్ వచ్చింది. 2015లో వచ్చిన ‘మ్యాడ్ మ్యాక్స్: ఫ్యూరీ రోడ్’కు ఆస్కార్ అందుకున్న మార్గరెట్ సిక్సెల్ కూడా డాక్యుమెంటరీలు కూర్చిన మనిషే. ఆమె ముందు పోసిన దృశ్యం దాదాపు 480 గంటలు, సినిమా రెండు గంటలు. అంత రాశిని చూసి బెదరకపోవడం డాక్యుమెంటరీ నేర్పే విద్య. కథాచిత్రాల్లో పదేళ్లు గడిపి డాక్యుమెంటరీకి వచ్చేవారు స్క్రిప్టు ఎక్కడుందని వెతుక్కుంటూ మొదటి సినిమా అంతా తడబడతారు.

ప్రకటనలు, సిరీస్‌లు, ఆన్‌లైన్ వీడియోలు

ముప్పై సెకన్ల ప్రకటన అంటే 24 ఫ్రేముల లెక్కలో 720 ఫ్రేములు. వాటిలో చివరి యాభై అరవై ఫ్రేములు కంపెనీ గుర్తుకు పోతాయి. మిగిలిన దానిలో ఒక మనిషిని పరిచయం చేసి, ఒక చిక్కు చూపించి, విప్పాలి. పొదుపు నేర్పడంలో దీన్ని మించిన బడి లేదు. ఒక్కో రోజుకు వచ్చే డబ్బు కూడా అన్నిటికన్నా ఇక్కడే ఎక్కువ. అయితే పక్క కుర్చీలో ఒక్కరు కాదు, నలుగురైదుగురు ఉంటారు: దర్శకుడు, ఏజెన్సీవారు, వస్తువు అమ్మేవారు. అందరూ మంచివారే అయినా అందరికీ తలో ఫ్రేము కావాలి. పదిహేనో మార్పు చెప్పినప్పుడు కూడా ముఖం చిట్లించకుండా ఉండగలిగేవారు ఇక్కడ నిలబడతారు. నేను రెండేళ్లు చేశాను, అప్పుల్లోంచి బయటపడ్డాను, ఆ పనికి ఎప్పటికీ కృతజ్ఞుడిని. ఒక్కటి మాత్రం గమనించాను: ఆ రెండేళ్ల తర్వాత మళ్లీ సినిమాకు కూర్చున్నప్పుడు, ఒక పాత్ర ఆలోచిస్తూ ఊరికే కూర్చున్న షాటును నేను ఓర్చుకోలేకపోయాను. నా చేయి దానంతటదే కట్ చేసేది. ఆ అలవాటు పోవడానికి ఒక సినిమా పట్టింది.

ట్రైలర్లు కూర్చడం వేరే విద్య. ఇంకొకరు కూర్చిన సినిమాలోంచి కొత్త వరుస కట్టాలి, కథ చెప్పకుండా ఆశ పుట్టించాలి. సంగీతం మీద చెవి బాగా ఉన్నవారికి నప్పుతుంది.

టెలివిజన్, ఓటీటీ సిరీస్‌లలో ఇద్దరు ముగ్గురు ఎడిటర్లు ఎపిసోడ్లు పంచుకుంటారు. గడువు కఠినం, తప్పించుకునే వీలు లేదు. కాని పని ఆగకుండా ఉంటుంది, నెలనెలా డబ్బు వస్తుంది, ఒకే పాత్రలతో పది గంటల కథ నడపడం ఎలాగో తెలుస్తుంది. ఇల్లు నడపాల్సిన ఎడిటర్‌కు నేను మొదట సూచించేది ఇదే. అనుభవజ్ఞుల పక్క గదిలో పనిచేయడం కూడా తక్కువ లాభం కాదు.

ఆన్‌లైన్ వీడియోల సంగతి: దొరకడం సులువు, వేగం ఎక్కువ, పక్క కుర్చీ చాలాసార్లు ఖాళీ. తప్పు చేస్తే చెప్పేవారు ఉండరు. ఒప్పు చేసినా చెప్పేవారు ఉండరు, చూసినవారి సంఖ్య తప్ప. ఆ సంఖ్య నుంచి కూర్పు నేర్చుకోలేరు.

ఎక్కడ నేర్చుకోవాలి?

పాఠశాల, అసిస్టెంటు ఉద్యోగం, సొంత సాధన. ఈ మూడింటిలో పాఠశాల గొప్పదనం చాలామంది అనుకునే చోట లేదు. మీటలు నొక్కడం నేర్చుకోవడానికి ఏళ్లు, లక్షలు పోయనక్కర్లేదు. అక్కడ దొరికేవి రెండు. పోయినా ఎవరికీ నష్టం లేని సినిమాలను చెడగొట్టే అవకాశం ఒకటి. రేపు దర్శకులు కాబోయే తోటి విద్యార్థులు రెండు. ప్రపంచంలో మొట్టమొదటి సినిమా పాఠశాల 1919లో మాస్కోలో మొదలైంది. ఆ తొలి రోజుల్లో అక్కడ ముడి ఫిల్ముకు కరువు. కులెషోవ్ దగ్గర చేరిన విద్యార్థులు ఉన్న సినిమాలనే విడదీసి మళ్లీ వేరే వరుసలో కూర్చి నేర్చుకున్నారు. పరికరాలు చాలా ఉన్న బడి కంటే అలాంటి పట్టుదల ఉన్న బడి మేలు. చేరే ముందు ఒక్క విషయం కనుక్కోండి: ఏడాదికి ఒక్కో విద్యార్థి ఎన్ని చిత్రాలు చివరిదాకా కూరుస్తాడు, వాటి మీద ఎవరు ఎదురుగా కూర్చుని మాట్లాడతారు? జవాబు తడబడితే చేరకండి.

అసిస్టెంటు ఎడిటర్ పని బయటివారు అనుకునేంత సృజనాత్మకంగా ఉండదు. షూటింగు నుంచి వచ్చిన కార్డులను కాపీ చేయాలి, అదీ మూడు ప్రతులు, ఒకటి వేరే చోట దాచాలి. శబ్దాన్నీ దృశ్యాన్నీ సింక్ చేయాలి, అంటే పెదవుల కదలికకు మాట సరిగ్గా పడేలా కలపాలి. ప్రతి టేకుకూ పేరు పెట్టి బిన్‌లలో, అంటే సాఫ్ట్‌వేర్‌లోని అరల్లో, సర్దాలి. లాక్ అయిన, అంటే ఇక కట్‌లు మారవని తేలిన సినిమాను శబ్దం వారికి, గ్రాఫిక్స్ వారికి, రంగులు సరిచేసేవారికి ఎవరికి కావలసిన తీరులో వారికి పంపాలి. ఇందులో ఒక్క తప్పు జరిగినా వారం పోతుంది. ఇదంతా విసుగు పని అనిపించవచ్చు. కాని రషెస్‌ను ఒక పద్ధతిలో సర్దలేని మనిషి కథను కూడా సర్దలేడని నా నమ్మకం. పైగా, ఎడిటర్ ఏ టేకు వదిలేశారో రోజూ చూసే అవకాశం అసిస్టెంటుకు తప్ప ఇంకెవరికీ లేదు.

ఇక్కడే ఒక మార్పును గమనించాలి. ఫిల్ము రోజుల్లో అసిస్టెంటు అదే గదిలో ఉండక తప్పేది కాదు. తెంచిన ఫిల్ము ముక్కలను, అప్పట్లో బిన్ అనే తొట్టి మీది కొక్కేలకు వేలాడదీయాలి, అడగగానే అందించాలి. అలా నిలబడి దర్శకుడూ ఎడిటరూ మాట్లాడుకునేదంతా వినేవారు. ఇవాళ అసిస్టెంటు పక్క గదిలో, రాత్రి పూట, కొన్నిసార్లు ఇంట్లోనే పనిచేస్తాడు. సర్దుబాటు పని అలాగే మిగిలింది, వినే భాగ్యం పోయింది. కాబట్టి అసిస్టెంటుగా చేరడం మంచిదా అన్న ప్రశ్నకు నా జవాబు ఆ గది తలుపు మీద ఆధారపడి ఉంటుంది.

సొంతంగా నేర్చుకునేవారికి సాఫ్ట్‌వేర్ దొరుకుతుంది, పాఠాలు దొరుకుతాయి. దొరకనివి రషెస్. పూర్తయిన సినిమాను ముక్కలు చేసి మళ్లీ అతికించడం కొంతవరకు పనికొస్తుంది. కాని అందులో చెడ్డ టేకులు ఉండవు, ఫోకస్ తప్పిన షాట్లు ఉండవు, నటుడు మాట మరిచిపోయిన చోట్లు ఉండవు. కూర్పు నేర్పేది అవే. అందుకే ఒకే రషెస్‌ను ఇద్దరు మిత్రులు విడివిడిగా కూర్చి, ఆపై పక్కపక్కనే కూర్చుని చూసుకోమంటాను. మీరు పారేసిన షాటును అతను సీను మొత్తానికి ప్రాణంగా వాడి ఉంటాడు. ఆ దెబ్బ తగిలిన రోజు నేర్చుకున్నది మరిచిపోరు.

సాఫ్ట్‌వేర్

క్లుప్తంగా చెబుతాను. 2019 నాటి కొరియా చిత్రం ‘పారసైట్’ను ఫైనల్ కట్ ప్రో 7లో కూర్చారు. ఆ పాత వెర్షన్ అమ్మకం 2011లోనే ఆగిపోయింది. అయినా ఆ సినిమాకు ఎడిటింగ్ విభాగంలో ఆస్కార్ నామినేషన్ వచ్చింది. 2022 నాటి ‘ఎవ్రీథింగ్ ఎవ్రీవేర్ ఆల్ ఎట్ వన్స్’ను అడోబీ ప్రీమియర్‌లో కూర్చి ఆస్కార్ గెలుచుకున్నారు. కాబట్టి మీ ప్రతిభకు అడ్డుపడే సాఫ్ట్‌వేర్ ఏదీ లేదు. తేడాలు పని జరిగే తీరులో ఉన్నాయి. పెద్ద సినిమాల్లో, సిరీస్‌లలో నలుగురైదుగురు ఒకే ప్రాజెక్టును పంచుకోవాలి, అక్కడ ఆవిడ్ మీడియా కంపోజర్ పాతుకుపోయింది. అసిస్టెంటుగా చేరాలంటే అది వచ్చి ఉండటం లాభం. ప్రకటనలు, ఆన్‌లైన్ పనుల్లో ప్రీమియర్ ఎక్కువ. ఇప్పుడు దొరికే కొత్త ఫైనల్ కట్ ప్రో కావాలంటే ఆపిల్ పరికరం ఉండాలి. చేతిలో డబ్బు లేకపోతే డావిన్చీ రిజాల్వ్ ఉచిత రూపంతో మొదలుపెట్టండి, దానిలో రంగులు, శబ్దం పనులు కూడా ఉన్నాయి, నేర్చుకునే దశలో తక్కువయ్యేది ఏమీ ఉండదు. ఒకటి బాగా వస్తే రెండోది నెల రోజుల్లో వస్తుంది. ఇంటర్వ్యూలను కంప్యూటరే అక్షరాల్లోకి మార్చిపెట్టే సౌకర్యం ఇప్పుడు చాలావాటిలో ఉంది, డాక్యుమెంటరీవారికి అది పెద్ద ఊరట. అక్షరాలు చదివి కట్ చేసే అలవాటు మాత్రం చేసుకోకండి. మనిషి ‘అవును’ అనే ముందు ఎంతసేపు ఆగాడో కాగితం మీద కనిపించదు.

ఇప్పటికీ ఎటూ తేలకపోతే మూడు వారాలు కేటాయించండి. మొదటి వారం, ఇద్దరు మాట్లాడుకునే రెండు పేజీల సీనును మూడు కోణాల్లో, ఒక్కోదానికి నాలుగు టేకులతో తీసి కూర్చండి. రెండో వారం, మీకు తెలియని ఒక పెద్ద మనిషితో రెండు గంటలు మాట్లాడి రికార్డు చేయండి, ఆయన చేతులు, ఆయన గది, ఆయన పని కూడా తీయండి, ఐదు నిమిషాల చిత్రం చేయండి. పూర్తయ్యాక ఆయనకే చూపించండి, ఆయన ముఖం చూడండి. మూడో వారం, ఒక మిత్రుడు అమ్మదలచిన వస్తువుకు ముప్పై సెకన్ల ప్రకటన చేసి, అతను చెప్పిన మార్పులన్నీ, మీకు నచ్చనివి కూడా, చేసిపెట్టండి. ఏది బాగా వచ్చిందన్నది చూడకండి, మొదటి ప్రయత్నాలు ఏవీ బాగా రావు. ఏ వారంలో రాత్రి లేచి వెళ్లి మళ్లీ టైమ్‌లైన్, అంటే షాట్లు వరుసగా పేర్చి ఉన్న పట్టీ, తెరిచారో అది చూడండి.

ఆ తర్వాత రెండు చోట్ల నుంచి పిలుపు వచ్చిందనుకుందాం. ఒకటి పెద్ద సినిమా, పేరున్న ఎడిటర్, మీకు పక్క గదిలో సింక్ పని, దర్శకుడు వచ్చినప్పుడు తలుపు మూసి ఉంటుంది. రెండోది చిన్న డాక్యుమెంటరీ, డబ్బు తక్కువ, ఎడిటర్ పేరు ఎవరికీ తెలియదు, కాని వెనక ఒక కుర్చీ వేసి కూర్చోమంటున్నారు, నీకేమనిపించిందో సాయంత్రం చెప్పమంటున్నారు. ఇంట్లో అద్దె కట్టగలిగే స్థితి ఉంటే రెండోదానికి వెళ్లండి. లేకపోతే మొదటిదానికే వెళ్లి, మొదటి వారంలోనే ఆ ఎడిటర్‌ను అడగండి: పని అయిపోయాక, మీరు కట్ చేస్తుండగా వెనక కూర్చోవచ్చా అని. నాకు ఆ మాట అడిగిన అసిస్టెంట్లు ముగ్గురే తగిలారు. ముగ్గురికీ కుర్చీ వేశాను.